రూబే కార్ఖానా నుంచి ఆస్కార్ దాకా: జార్జ్ డెలరూ

సినిమా సంగీతం అనగానే మన తెలుగువాళ్ళకు ముందు గుర్తొచ్చేవి పాటలు. పాటలు బాగుంటే సంగీతం బాగుంది అంటాం, లేకపోతే లేదంటాం. అంతే లెక్క. యూరప్ సినిమాల్లో లెక్క వేరు. అక్కడ చాలా సినిమాల్లో అసలు పాటే ఉండదు. సంగీత దర్శకుడికి మిగిలేదల్లా మనం రీ-రికార్డింగ్ అని పిలుచుకునే పని ఒక్కటే. మాటల వెనక, మౌనం వెనక, నడిచిపోతున్న మనిషి వెనక వినిపించీ వినిపించకుండా ఉండే సంగీతం అది. ఆ పని మీదే నలభై ఏళ్ళు నిలబడి, సినిమాలకూ టీవీకీ కలిపి 350కి పైగా రచనలు చేసినవారు ఫ్రాన్స్ దేశపు జార్జ్ డెలరూ. 1925లో పుట్టి 1992లో కన్నుమూశారు.

మేము గల్ఫ్‌లో బిల్డింగు పనులు చేయించేవాళ్ళం. సంగీతం చదువుకున్నవాళ్ళం కాము. అయినా ఆయన గురించి రాయాలనిపించడానికి కారణం ఉంది. చిన్నతనంలోనే కార్ఖానాలో పనికి వెళ్ళారు. ముందు ఊరు విడిచారు, యాభై దాటాక దేశం విడిచారు. చేసిన పనిని ఎదుటివాళ్ళు పక్కన పడేస్తే నోరెత్తకుండా తరువాతి పని మొదలుపెట్టారు. ఇలాంటి జీవితం మనకు కొత్తది కాదు కదా!

మగ్గాల ఊరిలో క్లారినెట్

ఫ్రాన్స్ ఉత్తరాన, బెల్జియం సరిహద్దు దగ్గర రూబే అనే ఊరుంది. ఉన్ని బట్టల మిల్లులకు పేరుపడ్డ ఊరు. డెలరూ అక్కడే 1925 మార్చి 12న పుట్టారు. ఉన్నవాళ్ళ ఇల్లు కాదుగానీ ఇంట్లో సంగీతం ఉండేది. తాతగారు ఊళ్ళో ఔత్సాహికుల గానబృందం నడిపేవారు. అమ్మ ఇంట్లో వేడుకలప్పుడు పాడేది, పియానో వాయించేది. పిల్లవాడు క్లారినెట్ పట్టుకున్నాడు. మన పెళ్ళి బ్యాండుల్లో వినిపించే వాద్యమే అది.

1940లో జర్మన్ సైన్యం ఉత్తర ఫ్రాన్స్‌ను ఆక్రమించుకుంది. అదే ఏడాది, పదిహేనేళ్ళ వయసులో, డెలరూ చదువు ఆపేయాల్సి వచ్చింది. ఇల్లు గడవడం కోసం ఒక లోహపు కార్ఖానాలో పనికి కుదిరారు. పగలు పని, మిగిలిన వేళల్లో ఊరి బ్యాండ్లలో క్లారినెట్. కొన్నాళ్ళకు పియానో కూడా నేర్చుకోవడం మొదలుపెట్టారు.

అంతలో సైకిల్ ప్రమాదం జరిగింది. ఆస్పత్రిలో చూస్తే వెన్నెముక వంకర తిరిగి ఉందని తేలింది. ఆపరేషన్లు చేశారు. చాలాకాలం ఇంట్లో మంచానికే పరిమితమయ్యారు. కార్ఖానా పని చేసుకునేవాడికి నడుము పోతే ఏమవుతుందో మాకు చెప్పనక్కర్లేదు. మా పనిలో నడుమే పెట్టుబడి. కానీ ఆ మంచం మీదే ఆయన స్వరకర్త కావాలని నిర్ణయించుకున్నారు. వాయించేవాడుగా ఉండిపోవడం కాదు, రాసేవాడు కావాలి అని.

లేచి తిరగగలిగాక రూబే సంగీత కళాశాలలో చేరి బహుమతులు తెచ్చుకున్నారు. 1945లో, యుద్ధం ముగిసిన ఏడాది, పారిస్ కన్సర్వేటరీకి వెళ్ళారు.

పారిస్‌లో పొట్ట తిప్పలు

పారిస్‌లో చదువు దొరికింది కానీ తిండి ఎవరు పెడతారు? అందుకని డాన్సు హాళ్ళలో వాయించారు. నామకరణాలకు, పెళ్ళిళ్ళకు, చివరికి చావులకు కూడా వాయించారు. రాత్రిళ్ళు ఒపేరా భవనం దగ్గరి బార్లలో పియానో మీద జాజ్ వాయించారు. పగలు మాత్రం ఆంరీ బూసేర్, దారియూస్ మియో వంటి పెద్దల దగ్గర శాస్త్రీయ సంగీత రచన నేర్చుకున్నారు.

ఈ రెండు రకాల చదువూ తరువాత ఆయనకు పనికొచ్చింది. పెళ్ళిలో ఏం వాయిస్తే జనం లేచి ఆడతారో, చావు ఇంట్లో ఏం వాయిస్తే గుండె బరువు దిగుతుందో పుస్తకాల్లో ఉండదు. సైట్‌లో నాలుగేళ్ళు తిరిగితేగానీ డిప్లొమాలో చదివిన కాంక్రీటు ఏమిటో అర్థం కాదు. సంగీతంలో కూడా అంతేనేమో అనిపిస్తుంది.

నాటకాలకు, రంగస్థలానికి రాయమని ప్రోత్సహించింది మియో. 1948లో డెలరూ ఆవిన్యోన్ నాటకోత్సవానికి వెళ్ళి జాన్ విలార్ బృందంతో పనిచేశారు. 1949లో స్వరకర్తలకిచ్చే ప్రతిష్ఠాత్మకమైన రోమ్ బహుమతి పోటీలో రెండో స్థానం సాధించారు. 1950ల్లో ఫ్రెంచి రేడియోలో వాద్యబృంద నిర్వాహకులయ్యారు. 1953లో బోరిస్ వియాన్ రచన మీద ఒక సంగీత నాటకం చేశారు. మరో పక్క డాక్యుమెంటరీలకు, పొట్టి సినిమాలకు సంగీతం రాస్తూ పోయారు. పొట్టి సినిమా అంటే డబ్బు తక్కువ, వాయించేవాళ్ళు తక్కువ, సమయం అసలే తక్కువ. నలుగురు వాయిద్యగాళ్ళతో నలభైమంది పని చేయించడం అక్కడే అలవాటైంది.

కొత్త కెరటంతో జోడీ

1950ల చివర ఫ్రెంచి సినిమాలో కుర్ర దర్శకులు బయలుదేరారు. స్టూడియో సెట్టింగులు వద్దని కెమెరా పట్టుకుని వీధుల్లోకి వచ్చేశారు. దానికి కొత్త కెరటం అని పేరు పడింది. ఆ కుర్రాళ్ళకు తక్కువ ఖర్చులో, తక్కువ రోజుల్లో, కానీ మనసుపెట్టి సంగీతం చేసేవాళ్ళు కావాలి. డెలరూ సరిగ్గా ఆ సమయానికి సిద్ధంగా ఉన్నారు.

ఆనియెస్ వార్దా 1958లో తీసిన పొట్టి సినిమాకు ఆయనే సంగీతం ఇచ్చారు. 1959లో ఆలాన్ రెనే తీసిన ‘హిరోషిమా మోన్ అమూర్’లో ప్రధాన సంగీతం జోవానీ ఫుస్కోది. డెలరూ ఇచ్చింది ఒక్క వాల్ట్జ్ మాత్రమే. వాల్ట్జ్ అంటే మూడు లెక్కల నడక, మన తిశ్రం లాంటిది. ఆ ఒక్క ముక్కతోనే ఆయన పేరు నలుగురికీ తెలిసింది.

తరువాత ఫ్రాన్స్వా త్రూఫో వచ్చారు. 1960లో ‘పియానో వాయించేవాణ్ణి కాల్చండి’ అనే అర్థం వచ్చే పేరుతో సినిమా తీశారు. చార్ల్స్ ఆజ్నవూర్ అందులో బార్లో పియానో వాయించుకు బతికే మనిషి. ఆ మనిషికి సంగీతం రాయడానికి నిజంగా బార్లలో పియానో వాయించి బతికిన డెలరూ కంటే తగినవారు ఎవరుంటారు? 1962లో ‘జూల్ ఏ జిమ్’, 1964లో ‘మెత్తని చర్మం’ అని అర్థం వచ్చే మరో సినిమా చేశారు.

ఆ తరువాత ఆరేడేళ్ళు త్రూఫో వేరేవాళ్ళ దగ్గరకు వెళ్ళారు. బెర్నార్డ్ హెర్మన్‌తో, ఆంత్వాన్ దువామెల్‌తో పనిచేశారు. 1971లో మళ్ళీ డెలరూ దగ్గరకే వచ్చారు. 1970ల మధ్యలో ఇంకోసారి విరామం వచ్చింది. 1940లో యుద్ధంలో చనిపోయిన మోరిస్ జోబేర్ అనే స్వరకర్త పాత సంగీతాన్ని త్రూఫో వరసగా నాలుగు సినిమాల్లో వాడుకున్నారు. 1979లో తిరిగి డెలరూయే. ఇలా ఒక పొట్టి సినిమాతో కలిపి ఇద్దరూ 11 సినిమాలు చేశారు. పిలవనప్పుడు అలిగి కూర్చోకుండా, పిలిచినప్పుడు వెళ్ళి పని చేసినందువల్లే ఆ స్నేహం అన్నేళ్ళు నిలిచింది అని మేము అనుకుంటాం.

1973లో త్రూఫో తీసిన ‘అమెరికన్ రాత్రి’ సినిమా తీయడం గురించిన సినిమా. అందులో దర్శకుడికి సంగీత దర్శకుడు ఫోన్ చేసి కొత్తగా కట్టిన సంగీతం వినిపిస్తాడు. ఫోన్లో ఆ గొంతు డెలరూది. షూటింగు హడావుడి మీద ఆయన వేసిన సంగీతం గుడిలో మోగే స్తోత్రంలాగా ఉంటుంది. లైట్లు మోసేవాళ్ళు, పట్టాలు వేసేవాళ్ళు, మేకప్ వేసేవాళ్ళు ఎవరి పనిలో వాళ్ళు పరుగులు పెడుతుంటారు. అందరి పనీ కలిపి ఒక పూజలాగా వినిపించారాయన. స్లాబు పోసే రోజు మా సైట్‌లో ఉండే సందడి తెలిసినవాళ్ళకు ఆ సన్నివేశం ఇంకా బాగా అర్థమవుతుంది. ఆ సినిమాకు ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ వచ్చింది.

కాప్రీ దీవి మీద ఇల్లు

1963లో జాన్-లుక్ గోదార్ ‘ల మెప్రీ’ తీశారు. ఆ మాటకు తిరస్కారం అని అర్థం. బ్రిజిత్ బార్దో, మిషెల్ పికోలీ భార్యాభర్తలు. కొద్దిరోజుల్లో ఇద్దరి మధ్యా ప్రేమ చచ్చిపోతుంది. ఎందుకు చచ్చిపోయిందో భర్తకు అర్థం కాదు. ఇటలీలోని కాప్రీ దీవి మీద, సముద్రంలోకి పొడుచుకొచ్చిన కొండ కొమ్ము మీద కట్టిన మాలపార్తే ఇంట్లో చివరి భాగం తీశారు. పైకి వెళ్ళేకొద్దీ వెడల్పయ్యే మెట్లు నేరుగా ఇంటి కప్పు మీదకే వెళతాయి. బిల్డింగు పనివాళ్ళు తప్పక చూడాల్సిన కట్టడం.

దీనికి డెలరూ తీగ వాద్యాలతో ఒక విషాద రాగం కట్టారు. భార్య పాత్ర పేరు మీద అది కామీ రాగంగా ప్రసిద్ధికెక్కింది. గోదార్ దాన్ని ఒకచోట వాడి వదిలేయలేదు. మామూలు మాటల మీద, కారు ఎక్కుతున్నప్పుడు, మెట్లు దిగుతున్నప్పుడు పదేపదే తెచ్చి పెట్టారు. ఇంకా గొడవ మొదలు కాకముందే సంగీతానికి సంగతి తెలిసిపోయినట్టు ఉంటుంది. ప్రేక్షకుడికి భయం వేస్తుంది.

అదే సినిమా ఇటలీలో విడుదలైనప్పుడు డెలరూ సంగీతం మొత్తం తీసేసి, పియేరో పిచ్చోనీ సంగీతం పెట్టారు. ఒకే సినిమా, ఒకే నటులు, సంగీతం మాత్రం వేరు. ఇటలీలో ఆ సినిమా చూసినవాళ్ళకు డెలరూ రాసింది ఒక్క స్వరం కూడా వినపడలేదు. 32 ఏళ్ళ తరువాత, 1995లో, అమెరికాలో మార్టిన్ స్కోర్సేసీ తన ‘కసీనో’ సినిమాలో ఆ కామీ రాగాన్నే తెచ్చి పెట్టుకున్నారు. అప్పటికి డెలరూ పోయి మూడేళ్ళయింది.

చివర వచ్చే పనివాడు

ఇక్కడ సంగీత దర్శకుడి పని తీరు కొంచెం చెప్పుకోవాలి. కథ రాయడం, షూటింగు, ఎడిటింగు అన్నీ అయ్యాక సినిమా ఆయన చేతికొస్తుంది. దర్శకుడితో కూర్చుని ఎక్కడ సంగీతం కావాలి, ఎక్కడ వద్దు అని సెకన్లతో సహా రాసుకుంటారు. తరువాత స్వరాలు రాయాలి. ఏ వాద్యం ఏది వాయించాలో విడివిడిగా రాయాలి. దాన్ని ఆర్కెస్ట్రేషన్ అంటారు. ఆపైన వాద్యబృందాన్ని నిలబెట్టి, తెర మీద బొమ్మతో సరిపోయేలా రికార్డు చేయాలి. హాలీవుడ్‌లో ఈ పనులకు వేరువేరు మనుషులుంటారు. డెలరూ మాత్రం రాయడం, వాద్యాలకు పంచడం, నిలబడి నడిపించడం మూడూ తానే చేసేవారు.

విడుదల తేదీ మాత్రం ముందే ఖరారై ఉంటుంది. షూటింగు పది రోజులు ఆలస్యమైతే ఆ పది రోజులూ ఎవరి ఖాతాలోంచి పోతాయి? సంగీత దర్శకుడి ఖాతాలోంచే. మాకు ఇది బాగా తెలిసిన బాధ. పునాది లేటయినా, స్లాబులు లేటయినా అప్పగింత తేదీ మారదు. చివర వచ్చే ప్లాస్టరింగ్, పెయింటింగ్ వాళ్ళే రాత్రింబవళ్ళు చేసి ఆ లోటు పూడ్చాలి. వచ్చినవాళ్ళు చూసేది కూడా ఆ చివరి పూతనే.

ఎక్కడ ఊరుకోవాలో తెలియడం కూడా ఈ పనిలో భాగమే. 1973లో ఫ్రెడ్ జిన్నెమాన్ తీసిన ‘ది డే ఆఫ్ ది జాకాల్’కు సంగీతం డెలరూదే. కానీ సినిమా మొదట్లో తప్ప నేపథ్య సంగీతం దాదాపు వినపడదు. హంతకుడు చల్లగా తన ఏర్పాట్లు తాను చేసుకుపోతుంటే ఆ నిశ్శబ్దమే భయపెడుతుంది. అదే జిన్నెమాన్‌కు 1966లో ‘ఎ మ్యాన్ ఫర్ ఆల్ సీజన్స్’ చేసినప్పుడు పాతకాలపు ఇంగ్లండు రాజదర్బారు సంగీతం ధోరణిలో రాశారు. 1969లో కెన్ రసెల్ ‘విమెన్ ఇన్ లవ్’, 1970లో బెర్తొలూచీ ‘ది కన్ఫార్మిస్ట్’ చేశారు. ఫ్రాన్స్, ఇంగ్లండు, ఇటలీ ఎక్కడికి పిలిస్తే అక్కడికి వెళ్ళి, అక్కడి మట్టికి తగ్గట్టు పని చేశారు.

బహుమతులు, ప్రయాణం

ఆస్కార్‌కు ఆయన పేరు ఐదుసార్లు వెళ్ళింది. ‘ఆన్ ఆఫ్ ది థౌజండ్ డేస్’ (1969), ‘ది డే ఆఫ్ ది డాల్ఫిన్’ (1973), ‘జూలియా’ (1977), ‘ఎ లిటిల్ రొమాన్స్’ (1979), ‘ఆగ్నెస్ ఆఫ్ గాడ్’ (1985). వీటిలో ‘ఎ లిటిల్ రొమాన్స్’కు 1980లో ఆస్కార్ అందుకున్నారు. ఫ్రాన్స్‌లో సినిమాకు ఇచ్చే సీజర్ అవార్డును 1979, 1980, 1981లో వరసగా మూడేళ్ళు గెలుచుకున్నారు. మూడోది త్రూఫో ‘ది లాస్ట్ మెట్రో’కు వచ్చింది.

ఆస్కార్ తరువాత, 1980ల మొదట్లో, లాస్ ఏంజెలెస్‌కు మకాం మార్చారు. అప్పటికి వయసు యాభై దాటింది. పారిస్‌లో పేరుంది, పనుంది. అయినా కొత్త దేశంలో కొత్త నిర్మాతల ముందు మళ్ళీ తన పని చూపించుకోవాల్సి వచ్చింది. విదేశానికి వచ్చినవాళ్ళందరికీ ఇది తెలిసిందే. ఊళ్ళో సంపాదించుకున్న పేరు విమానం ఎక్కదు, చేతిలోని పని మాత్రమే ఎక్కుతుంది.

కూల్చేసిన గోడలు

అమెరికాలో ఆయనకు తగిలిన మొదటి పెద్ద దెబ్బ ‘సమ్‌థింగ్ వికెడ్ దిస్ వే కమ్స్’ (1983). దర్శకుడు జాక్ క్లేటన్ ఆయనకు పాత స్నేహితుడు. నిర్మాతలు డిస్నీ వారు. ముందస్తు ప్రదర్శన తరువాత సినిమాను చాలా మార్చారు. ఆ మార్పుల్లో డెలరూ సంగీతం మొత్తం పోయింది. జేమ్స్ హార్నర్ చేత కొత్తది చేయించారు. క్లేటన్, డెలరూ మాత్రం విడిపోలేదు. 1987లో క్లేటన్ తీసిన ‘ది లోన్లీ ప్యాషన్ ఆఫ్ జూడిత్ హెర్న్’కు మళ్ళీ డెలరూయే సంగీతం చేశారు.

రెండో దెబ్బ 1986లో తగిలింది. ఆలివర్ స్టోన్ ‘ప్లటూన్’ తీశారు. వియత్నాం యుద్ధం మీద సినిమా. ఎడిటింగు చేసేటప్పుడు శామ్యూల్ బార్బర్ అనే అమెరికన్ స్వరకర్త పాత రచన ‘అడాజియో ఫర్ స్ట్రింగ్స్’ వాడారు. చివరికి దర్శకుడి మనసు దాని మీదే నిలిచిపోయింది. డెలరూ రాసిన దాంట్లో చాలా భాగం పక్కకు పోయింది. సినిమా కోసం ఆ అడాజియోను కొత్తగా రికార్డు చేయాల్సి వచ్చింది. వాంకూవర్ వాద్యబృందం ముందు నిలబడి దాన్ని నడిపించింది ఎవరనుకున్నారు? డెలరూయే. తన సంగీతం తీసేసి పెట్టిన సంగీతాన్ని తన చేతులతోనే చేయించారు. ‘ప్లటూన్’కు ఉత్తమ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. థియేటర్లో జనాన్ని ఏడిపించిన ఆ తీగల వెనక ఉన్నది ఆయన చెయ్యే.

డ్రాయింగు మారిందని నిన్న కట్టిన గోడను ఇవాళ కొట్టించడం మా పనిలో మామూలే. కట్టిన మేస్త్రీ మొహం చూడలేం. కూలీ డబ్బులు వస్తాయి, కానీ డబ్బుల సంగతి వేరు. ఆ మేస్త్రీయే మర్నాడు కొత్త గోడకు దారం పట్టుకుని నిలబడినప్పుడు ఆ మనిషి విలువ తెలుస్తుంది. అందుకే ‘ప్లటూన్’ సంగతి చదివినప్పుడు ఆయన గెలుచుకున్న ఆస్కార్ కంటే ఇదే మాకు పెద్దదిగా కనిపించింది. గోడ కూలిస్తే చెత్త లారీ ఎక్కుతుంది. కాగితం మీది సంగీతం అలా పోదు. వాడకుండా వదిలేసిన ఆ రెండు సంగీతాలూ తరువాతి కాలంలో విడిగా ఆల్బములుగా వచ్చాయి.

చివరి రోజు దాకా పని

1984 అక్టోబరు 21న త్రూఫో మెదడులో కణితితో 52 ఏళ్ళకే చనిపోయారు. డెలరూ పని ఆపలేదు. 1988లో ‘బీచెస్’, 1989లో ‘స్టీల్ మాగ్నోలియాస్’, 1991లో ‘బ్లాక్ రోబ్’ చేశారు. దేశం మారినా పుట్టిన దేశంతో తెగతెంపులు చేసుకోలేదు. 1989లో ఫ్రెంచి విప్లవానికి 200 ఏళ్ళు నిండినప్పుడు తీసిన భారీ చిత్రానికి సంగీతం ఆయనదే. అందులో స్వేచ్ఛా గీతాన్ని జెస్సీ నార్మన్ పాడారు.

1992లో ‘డియెన్ బియెన్ ఫూ’ వచ్చింది. 1954లో వియత్నాంలో ఫ్రెంచి సైన్యం ఓడిపోయిన యుద్ధం కథ. దర్శకుడు పియేర్ షోండోర్ఫర్ ఆ యుద్ధంలో సైన్యం తరఫు కెమెరామన్‌గా ఉండి పట్టుబడినవారు. దానికి డెలరూ వయొలిన్ ప్రధానంగా ఒక వీడ్కోలు కచేరీ రాశారు. అదే ఆయన వీడ్కోలు కూడా అవుతుందని ఎవరూ అనుకోలేదు.

ఆ మార్చిలో ఆయన లాస్ ఏంజెలెస్‌లో ‘రిచ్ ఇన్ లవ్’ అనే సినిమాకు రికార్డింగు చేస్తున్నారు. చివరి ముక్క కూడా అయిపోయింది. ఆ వెంటనే కుప్పకూలారు. 1992 మార్చి 20న కన్నుమూశారు. 67 నిండి ఎనిమిది రోజులే అయింది. చేతిలోని పని పూర్తి చేసి అప్పగించే వెళ్ళారు.

వినాలనుకునేవాళ్ళకు ఒక్క మాట. సెలవు రోజు మధ్యాహ్నం గదిలో ఫోను పక్కన పెట్టి ‘ల మెప్రీ’గానీ ‘అమెరికన్ రాత్రి’గానీ చూడండి. భాష రాకపోయినా పరవాలేదు. మాటలు వదిలేసి ఎక్కడ సంగీతం మొదలవుతోందో, ఎక్కడ ఆగుతోందో చూసుకోండి. కొంచెం సేపటికి మీకే తెలుస్తుంది, తెర మీద కనపడని మనిషి ఎంత పని చేశాడో.